పూత మందమెంత?

ఈ వేసవిలో మా పడమటి గోడకు మళ్ళీ కోటింగ్ వేయించాలని మస్తాన్‌ని పిలిపించాను. ముందు వేసింది కూడా అతనే. మిద్దె ఎక్కి, పక్కింటి సందులోకి తొంగి చూసి, ఖాళీగా ఉన్న ఆ సందును కాసేపు అలాగే చూస్తూ నిలబడ్డాడు. "ఇప్పుడు ఎవరినీ అడగాల్సిన పని లేదు కదక్కా" అన్నాడు. లేదన్నాను.

ఆ సందు ఎవరిదో ఆ పెద్దాయన పోయిన చలికాలంలో చనిపోయాడు. దినాలయ్యాక కొనకనమిట్ల నుంచి వచ్చిన ఆయన తమ్ముడి కొడుకు ఇంటికి తాళం వేసి, తాళంచెవి నా చేతిలో పెట్టి, అప్పుడప్పుడూ తలుపు తీసి ఊడ్పించమని చెప్పి వెళ్ళాడు. ఆయన బతికుండగా నేను ఆ గడప దాటింది లేదు. తన ఇంటి తాళంచెవి నా కుట్టుమిషన్ సొరుగులో పడి ఉందని తెలిస్తే ఆయన కాటి నుంచి లేచి వచ్చి లాక్కుని పోయేవాడు. అందులో నాకు సందేహం లేదు.

సందేహమంటే గుర్తొచ్చింది, ఆ మాట నేను వాడకూడదు. అది పూర్తిగా ఆయన సొత్తు.

మార్కాపురంలో పలకల పని చేసిన మనిషి ఆయన. గని నుంచి వచ్చిన రాతిని చీల్చి, అరగదీసి, కట్టలు కట్టే చోట, ఏ పలక మంచిదో ఏది కాదో ఏరే పని. వేలి కణుపుతో పలక మీద కొట్టి, చెవి దగ్గర పెట్టుకుని వింటారు. లోపల చీలిక ఉంటే మోత మారిపోతుంది. పని మానేసి ఎన్నాళ్లయినా ఆ కణుపు మాత్రం ఊరుకునేది కాదు. సంతలో గుమ్మడికాయ మీద కొట్టేవాడు. కొత్త బిందె మీద కొట్టేవాడు. ఒకసారి మా ఇంటికొచ్చిన ఎల్లైసీ ఏజెంటు ఆయన గుమ్మం ముందు బండి నిలిపితే, ఆ బండి ట్యాంకు మీద కొట్టి విని, ఏజెంటు మొహం చూసి లోపలికి వెళ్ళి గడియ పెట్టుకున్నాడు. ఏది చూపించినా ఆయన అనే మాట ఒకటే. "పైన సరే, లోపలేంది?"

పాలవాడు పోసిన పాలలో ఒక చుక్క తీసి పలకముక్క మీద వేసి, ముక్కను వంచి, ఆ చుక్క ఎట్లా జారుతుందో చూసేవాడు. తొందరగా జారితే నీళ్లు కలిపినట్టు. ఆ పలకముక్క గుమ్మం పక్కనే ఉండేది, పాలవాడికి కనపడేలాగా. ఇంటికి తాళం వేసి బయల్దేరితే వీధి మలుపు దాకా వెళ్ళి, తిరిగొచ్చి తాళం లాగి చూసుకుని వెళ్ళేవాడు. మా వీధిలో వాళ్లు ఆయన రెండోసారి వెళ్ళేదాకా పలకరించేవాళ్లు కాదు. పలకరించినా ఒరిగేదేమీ లేదు. "బాగుండారా పెద్దనాయనా" అంటే, "ఎందుకడుగుతా ఉండావు?" అనేవాడు.

పెళ్లిపిలుపుకి ఎవరైనా వస్తే కుంకుమ బయటే పెట్టించుకునేవాడు. పిలవడానికి వచ్చారో, లోపల ఎన్ని గదులున్నాయో లెక్కపెట్టడానికి వచ్చారో ఆయనకు ఎప్పటికీ తేలేది కాదు. టీవీలో వాన వస్తుందని చెప్తే, అది వాళ్లకు ఎవరు చెప్పారని అడిగేవాడు. నిజంగానే అడిగేవాడు. సమాధానం చెప్పేవాళ్లుంటే వినాలనే ఉండేది ఆయనకు, కానీ ఆ చెప్పేవాళ్ల మీద మళ్ళీ ఇంకో అనుమానం.

ఎందుకిట్లా అయ్యాడో నాకు తెలియదు. వీధిలో తలా ఒక కథ చెప్పేవాళ్లు. అన్నదమ్ములు మోసం చేశారని ఒకరు, భార్య పోయాక ఇట్లా మారాడని ఒకరు. పుట్టుకతోనే ఇంతేనని మా అమ్మ. నేను మా అమ్మ పక్షం.

మా రెండిళ్ల సంగతి చెప్పాలి. మా నాయన కట్టించిన ఇల్లు సరిగ్గా మా హద్దు చివరి దాకా వచ్చేసింది. మా పడమటి గోడ అవతల ఆయన సందు. మనిషి రెండు చేతులు చాస్తే ఇటు మా గోడ, అటు ఆయన గోడ తగులుతాయి. అంటే మా గోడ లోపలి మొహం మాది, బయటి మొహాన్ని చూడాలంటే ఆయన సందులో నిలబడాలి. కట్టినప్పుడు సిమెంటు పూత పూయడానికి ఒప్పుకున్నాడు గానీ, తరవాత ఆ గోడకు పైన మేము పెట్టుకున్న వెంటిలేటరు చూసి, మూయమని పంచాయితీ పెట్టి, మాటలు మానేశాడు. అది గాలి కోసం కాదు, తన ఇంట్లోకి చూడటానికని ఆయన నమ్మకం. అంత ఎత్తున ఉన్న కంతలోంచి చూడాలంటే నేను కుట్టుమిషన్ మీద స్టూలు వేసుకుని నిలబడాలి. ఆ మాట అంటే, "నిలబడవని ఏం గ్యారంటీ?" అన్నాడు.

ఏళ్లు గడిచి ఆ సిమెంటు పూత నెర్రెలిచ్చింది. వానాకాలం వచ్చిందంటే ఆ నెర్రెల్లోంచి గోడ నీళ్లు తాగేది. లోపలి వైపు సున్నం పొక్కిపోయి రాలేది, నల్లటి బూజు పట్టేది. ఆ గదిలోనే నా మిషను, ఆ గదిలోనే మా మంచం. మా పాపకు అప్పుడు ఐదేళ్లు. చెమ్మ మొదలైన రోజు నుంచి దగ్గు, దగ్గు వెనకాల ఆయాసం. పడుకోబెడితే ఎదలో పిల్లికూతలు. డాక్టరు ముక్కుకు గొట్టం పెట్టి మందు ఆవిరి పట్టించి, మందులు రాసి, చివర్న పిల్లను ఆ గోడకు దూరంగా ఉంచమని చెప్పాడు. రెండు గదుల ఇంట్లో గోడకు దూరమంటే రోడ్డే.

మా ఆయన గిద్దలూరు రూట్లో బస్సు కండక్టరు. అక్కడ ఎవరో మస్తాన్ పేరు చెప్పారు, గోడకు బయటి వైపు మందంగా రబ్బరు లాంటి పూత వేస్తాడు, చుక్క నీరు దిగదు అని. మస్తాన్ వచ్చి చూసి, లోపల ఎన్ని రంగులు వేసినా దండగ, నీళ్లు వచ్చే వైపే ఆపాలి అన్నాడు. ముందు ఇనప బ్రష్షుతో గీకాలి, కడగాలి, ఆరబెట్టాలి, నెర్రెలకు జాలిగుడ్డ అతికించాలి, దాని మీద రెండు పూతలు. అంతా బాగానే ఉంది. అదంతా ఆయన సందులో నిలబడి చేయాలి.

అడగడానికి నేనే వెళ్ళాను. ఆడమనిషిని, అందులో చిన్నప్పుడు తన కళ్ల ముందు తిరిగిన దాన్ని, కాస్త మెత్తబడతాడనుకున్నాను. గుమ్మంలోనే నిలబెట్టాడు. అంతా విని, పిల్ల సంగతి పట్టించుకోనట్టే, "పూత మందమెంత?" అన్నాడు.

రూపాయి బిళ్లంత ఉంటుందని మస్తాన్ చెప్పిన మాటే చెప్పాను.

"అయితే మీ గోడ నా స్థలంలోకి రూపాయి బిళ్లంత వస్తది."

నాకు నవ్వొచ్చింది, ఆపుకున్నాను. ఆయన నవ్వడం లేదు. గోడ పొడవునా రూపాయి బిళ్లంత అంటే మొత్తం ఎంత స్థలమో ఆలోచించుకోమన్నాడు. ఇవాళ పూత, రేపు దాని మీద పూత, ఎల్లుండి దాని మీద ఇంకోటి, మా మనవలు వచ్చేసరికి తన సందు మాయమవుతుందన్నాడు. తరవాత కణుపుతో తలుపు మీద కొడుతూ ఇంకో మాట అడిగాడు.

"ఇన్నేండ్లు ఆ గోడ నీళ్లు తాగింది గదా. ఇంక తాగదంటా ఉండావు. ఆ నీళ్లు యాడికి పోతాయి?"

భూమిలోకి పోతాయి, ఇంకెక్కడికి పోతాయి అని విసురుగా అన్నాను. మొహం మీదే తలుపు వేశాడు. ఇంటికొచ్చి ఎంత తిట్టుకున్నానో. పిల్ల ఊపిరి కంటే రూపాయి బిళ్ల మందం స్థలం ఎక్కువైంది ఈ ముసలాయనకు అని మా ఆయన ముందు ఏడ్చాను. మా ఆయన ఎప్పటిలాగే, ఊరుకో, ఇంకోసారి అడుగుదాంలే అన్నాడు.

ఆషాఢంలో నాలుగు వానలు పడ్డాయి. పిల్ల మళ్ళీ పడిపోయింది. వరసగా కొన్ని రాత్రులు మంచం మీద కూర్చోబెట్టి వీపు నిమురుతూనే ఉన్నాం. ఒక పొద్దున నేను మిషను దగ్గర కూర్చున్నాను, వెంటిలేటరు అవతలి నుంచి ఆయన గొంతు వినిపించింది. ఎవరినీ పిలవకుండా, గోడతో మాట్లాడుతున్నట్టు.

"ఆ మస్తాను ఎవరో వాణ్ణి రమ్మను."

అంతే. నేను బయటికి పరిగెత్తేసరికి సందులో ఎవరూ లేరు.

సంతోషించాలి కదా. నాకు భయం పట్టుకుంది. కారణం లేకుండా ఆయన ఏదీ ఒప్పుకునే మనిషి కాదు. ఒప్పుకుని తరవాత హద్దు గొడవ పెడతాడని, పని సగంలో ఉండగా ఆపించి వెంటిలేటరు మూయిస్తాడని, ఇట్లా ఒకదాని మీద ఒకటి ఊహించుకున్నాను. ఇంతకాలం ఆయన గోడ పక్కన బతికాను, ఆ మాత్రం అంటదా. మా ఆయన మాత్రం, ఆయన మనసు మార్చుకునే లోపు మస్తాన్‌కి ఫోన్ చెయ్యి అన్నాడు.

వానలు తెరిపిచ్చి గోడ బాగా ఎండాక పని మొదలైంది. మస్తాన్ సర్వి కట్టెలు తెచ్చి పరంజా కట్టేసరికి, పెద్దాయన సందు మొదట్లో కుర్చీ వేసుకుని కూర్చున్నాడు. అంతకు ముందే ఒక పని చేసి పెట్టుకున్నాడు. మా గోడ ఈ చివర నుంచి ఆ చివర దాకా, గోడకు ఇంత ఎడంగా, రెండు మేకులకు బిగించి దారం లాగాడు. రూపాయి బిళ్ల పెట్టి చూసుకుని మరీ లాగాడు. పూత ఆ దారాన్ని తాకిందంటే పని ఆగిపోవాలి. అది ఒప్పందం.

మస్తాన్ ఇట్లాంటి వాళ్లను చూసినవాడే, నవ్వుకుని పని మొదలుపెట్టాడు. బకెట్ మూత తీయగానే పెద్దాయన లేచి వచ్చాడు. పూత మందు గడ్డపెరుగులా ఉంటుంది. వేలితో తీసి, రెండు వేళ్ల మధ్య రుద్ది, వాసన చూసి, తన పలకముక్క మీద కొంచెం పూసి ఎండలో పెట్టాడు. రేపు చూసి చెప్తా, అప్పటిదాకా గీక్కోండి అన్నాడు. మర్నాడు దాని మీద నీళ్లు పోసి, గోరుతో ఊడదీయబోతే రాలేదు. సాగింది గానీ ఊడలేదు. ఆ రోజంతా ఆయన మొహంలో ఏదో నిరాశ.

మొదటి పూతకు మస్తాన్ కొంచెం నీళ్లు కలిపాడు. గోడ లోపలికి ఇంకాలంటే మొదటిది పలచగానే ఉండాలట. కుర్చీలోంచి కేక వచ్చింది. పాలవాడిని పట్టుకున్న మనిషి మస్తాన్‌ని వదులుతాడా? చెంబు లాక్కున్నాడు. మస్తాన్ ఎంత చెప్పినా వినలేదు. చివరికి బకెట్ మీద బొమ్మలు చూపించి, నన్ను పిలిచి చదివించి, నేను చదివింది నిజమేనా అని వీధిలో పోయే ఇంకొకరితో చదివించి, అప్పుడు చెంబు ఇచ్చాడు. మస్తాన్ నా దగ్గరకొచ్చి మంచినీళ్లు తాగుతూ, "ఈయన మీ మనిషా, మీ పగోడా అక్కా?" అన్నాడు. నాకే తెలియదన్నాను.

నిజంగానే తెలియలేదు. ఎందుకంటే రెండో పూత నాడు ఆయన నన్ను ఒక కుట్టుసూది అడిగాడు. ఇచ్చాను. తడిగా ఉన్న పూతలో అక్కడక్కడా ఆ సూది గుచ్చి, తీసి, ఎంత లోపలికి దిగిందో కంటి దగ్గర పెట్టుకుని చూశాడు. మందం ఎక్కువై తన స్థలంలోకి వస్తోందేమోనని చూస్తున్నాడనుకున్నాం. ఒకచోట ఆగి మస్తాన్‌ని పిలిచి, "ఈడ పలచగుంది. ఇంకొంచెం పెట్టు" అన్నాడు. మస్తాన్ నా వైపు చూశాడు, నేను మస్తాన్ వైపు చూశాను. దీని వెనకాల ఏముందో ఇద్దరికీ అంతు పట్టలేదు.

పరంజా పైదాకా వెళ్ళాక మస్తాన్ పై నుంచి అరిచాడు, ఈ వెంటిలేటరు మూసేసి మీద పూత లాగేదా అని. అది మూస్తే నీటికి ఇంకా మంచిదట. నేను లోపల మిషను ఆపి విన్నాను. ఇదీ ఈయన ఎదురుచూస్తున్నది, ఇందుకే ఒప్పుకున్నాడు అనుకున్నాను. ఒప్పుకుందామనే అనుకున్నాను కూడా, పిల్ల ఆయాసం తగ్గితే చాలు, గాలి లేకపోతే పోయింది.

"దాని జోలికి పోవాకు" అన్నాడు పెద్దాయన కుర్చీలోంచి.

ఇన్నేళ్లుగా ఆ కంత మూయమని పంచాయితీలు పెట్టిన మనిషి! ఆ రాత్రి నేను మా ఆయనతో, ఇది మంచికి కాదు, ఏదో ఉంది అని అన్నాను. నువ్వు కూడా ఆయనలాగే తయారవుతున్నావని నవ్వాడు.

చివరి రోజు అసలు చిక్కు వచ్చింది. గోడ మొదట్లో, నేలకు ఆనే చోట, సిమెంటుతో వాలుగా గట్టు పోయాలన్నాడు మస్తాన్. లేకపోతే గోడ మీంచి జారిన నీళ్లు మొదట్లో నిలిచి, కింద నుంచి లోపలికి ఎక్కుతాయి, ఇంత పూతా వృథా అన్నాడు. ఆ గట్టు ఆయన సందులోకి జానెడు వస్తుంది. రూపాయి బిళ్లకు దారం కట్టిన మనిషిని జానెడు ఎవరు అడగాలి? మస్తాన్ బీడీ ముట్టించుకుని పక్కకు పోయాడు.

నేనే అడిగాను. తల వంచుకుని అడిగాను. ఆయన ఆ దారం వైపు, కింద నేల వైపు, అవతల తన వెనక గుమ్మం వైపు చూశాడు. ఆ గుమ్మం సందు మట్టం కంటే పల్లంలో ఉంది, పాతకాలం ఇల్లు. ఆ చూపు నాకు అప్పుడు అర్థం కాలేదు. తరవాత మెల్లగా లేచి వెళ్ళి, ఈ చివర మేకుకు కట్టిన దారం విప్పి, వేళ్లకు చుట్టుకుంటూ ఆ చివర దాకా నడిచి, రెండో మేకు కూడా పీకి జేబులో వేసుకున్నాడు.

"పోసుకోండి" అని లోపలికి వెళ్ళి తలుపు వేసుకున్నాడు. తన సందులో పరాయివాళ్లుండగా ఆయన లోపలికి పోవడం అదే మొదలు. ఎవరినైనా తీసుకురావడానికి వెళ్ళాడేమోనని గట్టు పోయడం అయ్యేదాకా వీధి మలుపు వైపే చూస్తూ నిలబడ్డాను. ఎవరూ రాలేదు.

కార్తీకంలో తుఫాను పట్టింది. ఒంగోలు వైపు నుంచి వచ్చిన మబ్బు నల్లమల అడ్డం పడి ఇక కదలనంది. రోజుల తరబడి ఒకటే వాన, కొండ వైపు నుంచి ఎదురు తిరిగిన గాలితో కలిసి పడమటి గోడను ఏకధాటిగా కొట్టింది. నేను మాటిమాటికీ గోడ తడిమేదాన్ని. పొడిగా ఉంది. రెండో రోజూ పొడిగానే ఉంది. పిల్ల దగ్గలేదు. తెల్లవార్లూ వెల్లకిలా పడుకుని నోరు తెరుచుకుని హాయిగా నిద్రపోతోంది, నేనే నిద్ర పట్టక దాని ఎద మీద చెవి పెట్టి వింటున్నాను. ఎన్నాళ్ల తరవాతో నా ప్రాణం కుదుటపడింది.

వాన కాస్త తెరిపిచ్చిన పొద్దున, మా వీధి తలుపు ఎవరో కొట్టారు. చూస్తే ఆయన. నాకు ఊహ తెలిశాక మా గుమ్మంలోకి రావడం అదే చూడటం. పంచె మోకాళ్ల దాకా తడిసి కాళ్లకు అంటుకుపోయి ఉంది. ఇంకేముంది, గోడ మీంచి నీళ్లన్నీ నా సందులోకి తోలారని గొడవకు వచ్చాడనుకున్నాను. చెప్పాల్సిన జవాబులు అప్పటికే నోట్లో సిద్ధంగా ఉన్నాయి.

"మీరు ఒప్పుకుంటేనే గదా పెద్దనాయనా పోసినాం" అన్నాను ముందే.

ఆయన ఆ మాట వినిపించుకోలేదు. "పిల్ల యాడుంది?"

"ఎందుకు?"

"వాన మొదలైన కాడి నుంచి వింటా ఉండా. దగ్గు లేదు. ఏం చేసినారు ఆ పిల్లను?"

నిద్రపోతోందని చెప్పాను. ఆషాఢంలో నిద్రలోనే కదా దగ్గింది అన్నాడు. ఊరికి పంపించారా, ఆస్పత్రిలో పెట్టారా, ఇంకేమన్నా అయితే దాస్తున్నారా అని ఒకదాని వెనక ఒకటి అడిగాడు. ఆ కళ్లు నన్ను నమ్మడం లేదు. ఎన్ని చెప్పినా నమ్మవు. లోపలికి వెళ్ళి పాపను లేపి చంకనేసుకుని తెచ్చాను.

ఆయన దాన్ని పైనుంచి కిందికి చూశాడు. "ఊపిరి పీల్చు" అన్నాడు. పాప నా వైపు చూసి పీల్చింది. ఆయన వంగి, దాని వీపు దగ్గర చెవి పెట్టాడు. "వదులు. మళ్ళా పీల్చు." గడ్డం గుచ్చుకుని పాప నవ్వింది. ఆయన నవ్వలేదు, కళ్లు మూసుకుని ఇంకోసారి విన్నాడు. తరవాత నిటారుగా నిలబడి, "సప్పుడు లేదు" అన్నాడు, ఎవరితోనో కాదు, తనతోనే.

"నేను మొదట్లో నమ్మలే" అన్నాడు తరవాత. "నేను ఒప్పుకోవాలని మీరే ఆ పిల్లతో దగ్గిస్తా ఉండారనుకున్నా."

"మరి ఎప్పుడు నమ్మినారు?"

"కాచుకోని విన్నా. దొంగ దగ్గు తెల్లారేదాకా దగ్గలేరు."

నాకు కోపం రావాలి. కన్నబిడ్డ ఊపిరాడక కొట్టుకుంటుంటే అది నాటకమేమోనని గోడకు చెవి పెట్టుకుని కూర్చున్న మనిషి. రాలేదు. ఏడుపొచ్చింది. అన్ని రాత్రులు దాని దగ్గుతో పాటు మేల్కొని ఉన్నది నేనూ మా ఆయనా మాత్రమే అనుకున్నాను.

ఆయన వెనక్కి తిరిగి వెళ్తుంటే పాపను దింపి వెంట వెళ్ళాను. ఆయన వద్దనేలోపే సందు చివరి దాకా వెళ్ళాను. మా గోడ మీంచి జారిన నీళ్లు, మా గట్టు మీంచి వాలిన నీళ్లు, అన్నీ కలిసి సందంతా పారి ఆయన వెనక గుమ్మం దాటి లోపలికి పోయాయి. తెరిచిన తలుపులోంచి చూశాను. గదిలో పిక్కల దాకా నీళ్లు. పలకలు పేర్చి వాటి మీద మంచం నిలబెట్టాడు. మంచం మీద బియ్యం మూట, చుట్టిన పరుపు, పక్కన కూర్చోవడానికి ఇంత చోటు.

"అయ్యో పెద్దనాయనా, ఇంత నీళ్లా!"

"ఆ పొద్దు అడిగితి గదా, నీ గోడ తాగే నీళ్లు యాడికి పోతాయని. నువ్వు భూమిలోకంటివి." ఆ గొంతులో కోపం లేదు. తన అనుమానం నిజమైందన్న తృప్తి ఉంది.

"తెలిసి ఎట్ల ఒప్పుకున్నారు?"

ఆయన చెంబు వెతుక్కుంటున్నాడు. "నాకు నిద్ర పట్టాల గదా" అన్నాడు. మళ్ళీ నా వైపు తిరిగి, "నీ కోసరం అనుకోవాకు" అన్నాడు.

వాన తగ్గగానే మా ఖర్చుతో సందులో కాలవ తవ్విస్తానని, నీళ్లు వీధిలోకి పోతాయని చెప్పాను. ఆయన చెంబు పట్టుకుని నన్ను చూసిన చూపు ఇప్పటికీ గుర్తుంది. "నా స్థలంలో నీ కాలవా? రేపు ఆ సందు మాదే అంటారు" అని గడప లోపల నిలబడి తలుపు వేసుకున్నాడు. గడియ పెట్టిన చప్పుడు, తరవాత ఆ గడియను లాగి చూసుకున్న చప్పుడు.

ఇంటికొచ్చి మిషను ముందు కూర్చున్నాను గానీ పని సాగలేదు. వెంటిలేటరులోంచి ఆయన చెంబుతో నీళ్లు ఎత్తి పోస్తున్న చప్పుడు వినిపిస్తోంది. నిదానంగా, ఒక్కో చెంబూ. వింటూ ఉండగా ఆ చప్పుడు ఆగింది. మళ్ళీ మొదలవుతుందేమోనని చూశాను, కాలేదు. చాలాసేపు ఏమీ లేదు. మా ఇంట్లో కూడా ఏ చప్పుడూ లేదు, పాప మంచం మీద బొమ్మతో మౌనంగా ఆడుకుంటోంది. అప్పుడు నాకు తెలిసింది, ఆయన ఎందుకు ఆగాడో.

పాపను లేపి ఆ గోడ దగ్గర నిలబెట్టాను. వెంటిలేటరు కిందికి, ఇంకా దగ్గరికి జరిపాను. ఎక్కాలు చదవమన్నాను, గట్టిగా, నీకు ఎంత గొంతుంటే అంత గట్టిగా అన్నాను. అది నా మొహం చూసి, చేతులు కట్టుకుని మొదలుపెట్టింది. రెండో ఎక్కం సగంలో ఉండగా, గోడ అవతల మళ్ళీ నీళ్లు ఎత్తి పోస్తున్న చప్పుడు మొదలైంది.